ఉప్పుకాగితం

ముందు గింజను గోకాలి.
ఊరికే పాతిపెడితే పదేళ్లయినా పలకదు,
పైపొర అంత మొండిది.
హురియా పిన్ని వంటింటి బల్ల మీద ఉప్పుకాగితం పరిచి
బొటనవేలి కింద ఒక్కో గింజనే రుద్దుతుంది,
పసుపు అరిగి లోపలి తెలుపు
సూదిమొనంత కనపడేదాకా.
"చాలు. ఇంకా గోకితే చస్తుంది."
ఎక్కడ ఆపాలో
నా వేలికి ఇప్పటికీ తెలీదు.

ఇవి కొన్న గింజలు కావు.
వరద తీశాక మోహాక ఒడ్డున
గొర్రెలూ, ముళ్లతీగా, ఎవరింటిదో ఫ్రిజ్ తలుపూ
మోకాల్లోతు ఒండ్రులో కూరుకుపోయి ఉంటే
టీ డబ్బా చంకన పెట్టుకుని
వంగి వంగి ఏరుకొచ్చింది.
ఊళ్లో వాళ్లు గడపలు కడుక్కుంటూ చూశారు, ఏమీ అనలేదు.
నది వీటిని ముంచలేదు.
తేలుతూ సముద్రం దాకా పోతాయి,
ఏ ఇసుకలోనో ఏళ్లకేళ్లు ముడుచుకు పడుకుంటాయి.

మావోరీలో కోఫై అంటే చెట్టూ, పసుపురంగూ కూడా.
చెట్టు రంగును అడిగి పేరు తెచ్చుకుందో,
రంగే చెట్టు దగ్గర అప్పు చేసిందో
అడిగితే పిన్ని
"నువ్వు ముందా, నీ పేరు ముందా?" అని
ఇంకో గింజ తీసుకుంటుంది.

చలి ఇంకా చెవులు కొరుకుతుండగానే
ఆకు రాల్చి బోడిగా నిలబడుతుంది కోఫై.
పోయిందనుకుంటాం, ప్రతి ఏడూ.
సెప్టెంబర్లో ఓ తెల్లారి
కొమ్మ కనపడకుండా పసుపు,
గుత్తులు గుత్తులుగా కిందికి వేలాడుతూ.
తూయీ పిట్ట పూవులో తల దూర్చి
నుదుట పుప్పొడి బొట్టుతో బయటికొస్తుంది,
దగ్గుతుంది, కిర్రుమంటుంది,
ఆనక గుర్తొచ్చినట్టు పాడుతుంది.
ఆ పసుపు చూసే మా వాళ్లు చిలగడదుంప మడులు తవ్వేవారట,
చేపపిల్లలు ఏరెక్కే వేళయిందని
వలలు దులిపేవారట.
ఇప్పుడు ఫోను చూసుకుంటాం. పిట్ట మాత్రం ఫోను చూడదు.

తిపెనే బాబాయి రగ్బీ ఆడి
భుజం కమిలి ఇంటికొచ్చిన ప్రతిసారీ
పిన్ని బెరడు మరిగించి ఆ నీళ్లతో కాపడం పెట్టేది.
నోట్లో మాత్రం పోనిచ్చేది కాదు,
ఆకు, గింజ, బెరడు, అన్నీ విషమే.
పైన రాస్తే మందు, లోపలికి పోతే చావు.
"మీ పిన్ని మాటకి సరిగ్గా తిరగేత" అనేవాడు బాబాయి,
ఆవిడ వినేలాగే.

ఒక ఏడు పెరటి కోఫైని కొట్టేశాడు,
అడక్కుండా,
గొర్రెల దొడ్డికి గుంజలు కావాలని.
ఆ వసంతమంతా పిన్ని అతనితో మాట్లాడలేదు.
అన్నం పెట్టింది, బట్టలు ఉతికింది,
మాట మాత్రం మొద్దు దగ్గరే ఆగిపోయింది.

వరదకి ఇనప గుంజలు పోయాయి,
మందు పట్టించిన పైన్ గుంజలు అగ్గిపుల్లల్లా పోయాయి.
మలుపు దగ్గర బాబాయి పాతిన ఒక్కటి
నల్లబడి, కొంచెం పక్కకి వాలి, నిలబడే ఉంది.
బాబాయి పోయి పదకొండేళ్లు.
పిన్ని దాని మీద చెయ్యి వేసి
"మొండి వెధవ" అంది.
గుంజనో, మనిషినో, నేను అడగలేదు.

ఈ డబ్బాలో ఏ గింజ ఎగువ లోయదో,
ఏది ఆ పెరటి చెట్టు కింద
ముప్ఫై ఏళ్లు మట్టిలో పడుకుని
వరద తవ్వితే లేచిందో ఎవరికి తెలుసు?
మొలిచినా ముందు చెట్టులా రాదు.
చిక్కుపడ్డ దారపు ఉండలా
ఏళ్ల తరబడి నేలనే పట్టుకు ఉంటుంది,
కలుపనుకుని పీకేసేవాళ్లే ఎక్కువ.
అందుకే ఒక్కోదానికీ కర్ర గుచ్చి
ఎర్ర ఉన్ని ముక్క కట్టాలంటుంది పిన్ని.

నేను ఎక్కువ గోకి పాడుచేసిన వాటిని కూడా
పారెయ్యలేదు ఆవిడ.
అన్నిటినీ కలిపి గోరువెచ్చని నీళ్లలో వేసి
పళ్లెం మూతపెట్టింది.

పొద్దున్న లేచేసరికి
పదిహేడు ఉబ్బాయి.
వాటిలో నావి ఎన్నో చెప్పలేదు.